మాస్టారి పదకొండు రోజులు

మాస్టారు పోయారు. మంగళవారం పొద్దున ఆఫీసులో మీటింగ్‌లో ఉండగా వాళ్ళమ్మాయి నుంచి ఫోన్ వచ్చింది. రెండుసార్లు కట్ చేశాను. మూడోసారి మోగేసరికి బయటికొచ్చి, "ఏంటే, మీటింగ్‌లో ఉన్నానని మెసేజ్ పెట్టానుగా" అని విసుక్కున్నాను కూడా. "నాన్న నిద్రలోనే వెళ్ళిపోయారక్కా" అంది. ఇక్కడ అమెరికాలో, మా నోవై ఊళ్ళో, మంచు పూర్తిగా కరిగి వారమైనా కాలేదు. ఈ మనిషికి ఆగడమంటే ఏమిటో తెలియదు, కనీసం జూన్ దాకానైనా ఆగొచ్చు కదా అని ముందు కోపమొచ్చింది. ఏడుపు తర్వాత వచ్చింది, పార్కింగ్ లాట్‌లో కార్లో కూర్చున్నాక.

మీలో చాలామందికి ఆయన తెలియదు. నాకూ చుట్టమేమీ కాదు. బాపట్ల వైపు ఒక హైస్కూల్లో ముప్పై ఏళ్ళు సోషల్ చెప్పి రిటైరై, భార్యతో కలిసి మిషిగన్‌లో కూతురి దగ్గరికి వచ్చేశారు. మా తెలుగు చర్చిలో పెద్ద. వచ్చిన మూడో చలికాలంలో భార్య పోయింది. ఆవిణ్ణి ఇక్కడే నోవైలో సమాధి చేశారు. ఆ తర్వాత ఇంట్లో కాలు నిలవక ఆయన మొదలుపెట్టినదే సిటిజన్‌షిప్ క్లాసు, అమెరికా పౌరసత్వం ఇంటర్వ్యూకి తయారుచేసేది. జూన్ నుంచి ఆగస్టు దాకా ప్రతి శనివారం చర్చి బేస్‌మెంట్‌లో జరిగేది. పిల్లల దగ్గరికి గ్రీన్‌కార్డు మీద వచ్చి ఐదేళ్ళు పూర్తిచేసుకున్న అమ్మానాన్నలే అందులో విద్యార్థులు. చర్చివాళ్ళే రావాలని లేదు, నుదుట బొట్టూ మెడలో రుద్రాక్షలూ ఉన్నవాళ్ళు కూడా వచ్చి ముందు వరసలో కూర్చునేవాళ్ళు.

ఆ క్లాసులో నాది ఫారాలు నింపే పని. ఆ పనిలోనే ఆయనకి నేనొక అన్యాయం చేశాను. సమాధి చేసే ముందు చర్చిలో రెండు నిమిషాలు మాట్లాడమంటే ఆ సంగతి నోట్లోంచి రాలేదు. "మంచి మనిషి" అని చెప్పి దిగిపోయాను. అది సరిపోదని అప్పట్నుంచీ ఒకచోట కూర్చోలేకపోతున్నాను, అందుకే ఇది రాస్తున్నాను.

ముందే చెప్పేస్తాను, నాకు సూక్తులంటే ఒళ్ళుమంట. నేను చదివిన కాలేజీలో మెట్టుకో సూక్తి రాయించారు, మెట్లు మాత్రం సగం పగిలి ఉండేవి. మా ఆఫీసులో కాఫీ మెషీన్ పైన ఎగిరే గద్ద బొమ్మ కింద ఒకటుంది. తెల్లారేసరికి ఫోన్లో వచ్చి పడేవి సరేసరి. అలాంటి నాకు, క్లాసు మొదలయ్యే ముందు బోర్డు మీద స్వేచ్ఛ గురించో దేశం గురించో ఒక వాక్యం రాసి, దాని కింద గీత గీసి, చేతులు దులుపుకునే మాస్టారు దొరికారు. నా ఖర్మ అనుకున్నాను.

మొదటి శనివారం ఆయన రాసింది ఇది: "స్వేచ్ఛ అంటే తలుపు తెరిచి ఉండటం కాదు, తాళంచెవి మన జేబులో ఉండటం."

నేను ఊరుకోలేదు. "మాస్టారూ, మీ అమ్మాయి ఇంటికి తాళంచెవి ఎక్కడుంది? అందరం గరాజ్ కోడ్ కొట్టే కదా లోపలికెళ్ళేది" అన్నాను.

"అయితే కోడ్ అనుకో తల్లీ. అది గుర్తుండాలిగా. నిన్న మర్చిపోయి గంటసేపు డ్రైవ్‌వేలో నిలబడ్డాను" అన్నారు. క్లాసంతా నవ్వింది. ఆయన కూడా నవ్వుకుంటూనే ప్రశ్నల్లోకి దిగిపోయారు.

తర్వాత తర్వాత ఆ వాక్యాల కోసం నేను ఎదురుచూడటం మొదలుపెట్టానని ఒప్పుకోవాలి. "ఇక్కడ ఎండాకాలం మూడు నెలలే. మొదలుపెట్టేదేదో జూన్‌లోనే మొదలుపెట్టు" అని ఒకసారి రాశారు. జులై నాలుగుకి ముందు శనివారం, ఏసీ పాడై అందరం విసనకర్రల్లా ఫారాలతో విసురుకుంటుంటే, "దేశం మారినా చెమట ఉప్పగానే ఉంటుంది" అని రాశారు. ఇవి ఏ పుస్తకంలోవీ కావు. వారమంతా సబ్‌డివిజన్‌లో, అంటే వాళ్ళ కాలనీలో, కాళ్ళరిగేలా తిరుగుతూ కట్టుకొచ్చేవారు. వాళ్ళ వీధిలో అమెరికన్ పక్కింటివాళ్ళు ఆయన్ని చూసి గడియారం సరిచేసుకోవచ్చని వాళ్ళమ్మాయి వేళాకోళం చేసేది.

క్లాసులో ఆయన కూర్చోగా నేను చూడలేదు. అల్లుడి టై ఒకటి పొట్టి చేతుల చొక్కా మీద కట్టుకుని, తనే ఆఫీసరై, గది ఈ మూల నుంచి ఆ మూలకి తిరుగుతూ ప్రశ్నలడిగేవారు. మనవాళ్ళు జవాబు తెలిసినా తల అడ్డంగానూ నిలువుగానూ కాకుండా మధ్యస్థంగా ఊపుతారు కదా. ఆయనకి అదొక్కటే పడేది కాదు. "తల ఊపకమ్మా! అది అవునో కాదో ఆ ఆఫీసరుకేం తెలుస్తుంది? నోటితో చెప్పు. ఎస్ సర్. గట్టిగా!" అనేవారు. డెబ్బయ్యేళ్ళ అత్తగార్లు కోడళ్ళ ముందు ఎస్ సర్ అని అరుస్తుంటే చూడముచ్చటగా ఉండేది.

ఒకసారి ఒక పెద్దాయన లేచి నిలబడ్డాడు. "మాస్టారూ, ప్రమాణం చేసేటప్పుడు పాత దేశాన్ని వదులుకుంటున్నానని అనాలట కదా. నాకు నోరెలా వస్తుందండీ? మా నాన్న ఆగస్టు పదిహేనుకి ఊళ్ళో జెండా ఎగరేసేవాడు" అన్నాడు. మాస్టారు నాలుగడుగులు వేశారు, ఆగారు, మళ్ళీ నాలుగడుగులు వేశారు. "ఇప్పుడు తెలియట్లేదండీ. వచ్చే వారం చెప్తాను" అన్నారు. తెలియదని అంత తేలిగ్గా ఒప్పుకున్న మాస్టారుని నేను బళ్ళో గానీ కాలేజీలో గానీ చూడలేదు. మరుసటి శనివారం బోర్డు మీద ఇలా ఉంది: "తల్లిని మరిచిపోయిన అల్లుణ్ణి ఏ అత్తగారూ నమ్మదు." ఆ పెద్దాయన అది కాగితం మీద రాసుకుని జేబులో పెట్టుకున్నాడు. సెప్టెంబర్‌లో ప్రమాణం చేసొచ్చి అందరికీ జిలేబీ పంచాడు.

ఇక నా ఫారాల సంగతి. ఆ ఫారంలో పేరు, అడ్రస్, ఉద్యోగం, ఎన్నిసార్లు దేశం దాటి వెళ్ళారో ఆ తేదీలు అన్నీ అయ్యాక, ఎస్ అనో నో అనో టిక్ పెట్టాల్సిన ప్రశ్నల వరస ఒకటి ఉంటుంది. మీరెప్పుడైనా తాగుబోతుగా ఉన్నారా? వ్యభిచారం చేశారా? జూదమాడారా? ఒకేసారి ఇద్దరిని పెళ్ళాడారా? ఎప్పుడైనా అరెస్టయ్యారా? మీరే చెప్పండి, మన పెద్దవాళ్ళని ఎదురుగా కూర్చోబెట్టుకుని ఇవి ఎలా అడుగుతాం? ప్రార్థన చేసి గానీ మంచినీళ్ళు ముట్టని ఆవిడని, మీరు వ్యభిచారం చేశారా అమ్మా అని అడగడానికి నాలుక తిరగాలిగా! అందుకని ఆ పేజీ రాగానే అడక్కుండా పైనుంచి కిందికి టకటకా నో, నో, నో కొట్టేసి సంతకానికి ఇచ్చేసేదాన్ని. నేనే కాదు, అమ్మానాన్నల ఫారాలు నింపిన నా స్నేహితులంతా అలాగే చేశారు. దాన్ని మర్యాద అనుకున్నాం.

నాలుగేళ్ళ కిందట మాస్టారి వంతు వచ్చింది. నిజానికి ఆయనకి ఆ సిటిజన్‌షిప్ మా అందరికన్నా ఎక్కువ అవసరం. ఊళ్ళో వాళ్ళ అక్కయ్య ఉంది. పిల్లల్లేరు, భర్త పోయాడు, పక్షవాతంతో కుడివైపు పడిపోయింది. మాస్టారు ఏటా వెళ్ళి ఆవిడ దగ్గర ఉండేవారు గానీ, గ్రీన్‌కార్డు కదా, ఆరు నెలలు దాటితే ఎయిర్‌పోర్టులో ప్రశ్నలు, ఏడాది దాటితే అసలుకే మోసం. ఐదో నెల రాగానే పెట్టె సర్దుకునేవారు. "పెట్టె చప్పుడు వింటే అక్కయ్య అన్నం మానేస్తుందమ్మాయ్" అన్నారు నాతో. పోనీ గ్రీన్‌కార్డు వదిలేసి అక్కడే ఉండిపోదామంటే, చివరికి భార్య పక్కనే పడుకోవాలని ఉంది. "ఇద్దరు ఆడవాళ్ళు, రెండు దేశాలు, మధ్యలో నేనొక్కణ్ణి. ఎవర్నీ అడక్కుండా వెళ్ళాలి, ఎవర్నీ అడక్కుండా రావాలి. నాకు కావలసిన ఫ్రీడమ్ అంతే" అన్నారు.

ఆయన ఫారం నేనే నింపాను. ఆయన ఒకచోట కూర్చుంటేగా, వెనకాల తిరుగుతూనే తేదీలు చెప్పారు. టిక్కుల పేజీ రాగానే అలవాటు ప్రకారం టకటకా కొట్టేశాను. ఆయన కూడా చదవకుండా సంతకం పెట్టేశారు.

ఇంటర్వ్యూ జూన్‌లో వచ్చింది. వాళ్ళమ్మాయికి ఆఫీసు పని మీద ఊరెళ్ళాల్సి వస్తే నేనే సెలవు పెట్టి డెట్రాయిట్ తీసుకెళ్ళాను. వెయిటింగ్ రూమ్‌లో ఆయన తిరుగుడు చూసి సెక్యూరిటీ అతను రెండుసార్లు కూర్చోమన్నాడు. పేరు పిలిచారు. అరగంటలో చేతిలో ఒక కాగితంతో బయటికొచ్చారు. మొహం చూస్తే ఏదో అయిందని తెలిసింది.

"ఏమైంది మాస్టారూ?"

"పాసయ్యాను. ఆరుకి ఆరూ చెప్పాను. పద, కార్లో మాట్లాడదాం."

కార్లో కూర్చున్నాక చెప్పారు. "ఎప్పుడైనా అరెస్టయ్యారా అని అడిగాడు. అయ్యాను, పదకొండు రోజులు సబ్‌జైల్లో ఉన్నాను అని చెప్పాను. మరి ఫారంలో నో అని ఉందే అన్నాడు. మర్యాదస్తుడే పాపం. ఆ కేసు కాగితాలు తీసుకుని మళ్ళీ రమ్మన్నాడు."

అప్పుడైనా క్షమించండి అనాలి కదా. ఆ పని చెయ్యకుండా ఆయన మీదే విరుచుకుపడ్డాను. "ఎందుకు చెప్పారు మాస్టారూ! నలభై ఏళ్ళ కిందటి మాట వాళ్ళకెలా తెలుస్తుంది? నో అంటే అయిపోయేదిగా!"

"చెయ్యెత్తి నిజమే చెప్తానని ప్రమాణం చేయించి, ఆ తర్వాతే కదమ్మాయ్ అడిగింది."

"అయినా మీరు నాకెప్పుడూ చెప్పలేదు!"

"నువ్వెప్పుడు అడిగావు?"

ఫ్రీవే ఎక్కాక, అడగలేదని, అందరికీ కొట్టినట్టే టకటకా కొట్టేశానని చెప్పాను. ఆయన అరుస్తారనుకున్నాను. కిటికీలోంచి చూస్తూ మెల్లగా అన్నారు. "నా బతుకులో భయపడకుండా ఉన్నది ఆ పదకొండు రోజులే. ఈ ముసలాడు అంతటివాడా అనుకున్నావు. నన్ను చూస్తే జైలుకెళ్ళిన మనిషిలా లేనా?"

నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఆయన మాత్రం నవ్వడం లేదు.

కొంచెం దూరం పోయాక ఆయనే మళ్ళీ మొదలుపెట్టారు. కాలేజీలో చదివేటప్పుడు ఉద్యమంలో రైలు పట్టాల మీద కూర్చున్నారట. ఏ ఉద్యమమో రాయను, మా చర్చిలో రెండు వైపులవాళ్ళూ ఉన్నారు, ఇప్పుడా గొడవ ఎందుకు. పోలీసులు పట్టుకెళ్ళి లోపలేశారు. వాళ్ళ నాన్న మొహం చూడనన్నాడు. "అక్కయ్యకి అప్పటికి పెళ్ళై మూడు నెలలు. అత్తారింటి నుంచి సబ్‌జైలు రెండు మైళ్ళు. రోజూ మధ్యాహ్నం నడిచొచ్చి క్యారేజీ ఇచ్చేది. జైలుకి అన్నం పట్టుకెళ్తే గడప తొక్కనివ్వనని వాళ్ళత్త అందట. పదకొండు రోజులూ వచ్చింది. ఒక్కరోజు మానలేదు. ఇవాళ ఆ కుర్చీలో కూర్చుని నో అంటే, దాని నడక కూడా లేదనేసినట్టేగా."

నేను బండి ఎగ్జిట్ దాటించేశాను. మళ్ళీ తిప్పుకుని రావడానికి ఇరవై నిమిషాలు పట్టింది. ఇంటి ముందు దిగేటప్పుడు తలుపు పట్టుకుని, "నువ్వు అడగలేదు, నేను చదవలేదు. చదవకుండా సంతకం పెట్టొద్దని ముప్పై ఏళ్ళు పిల్లలకి చెప్పినవాణ్ణి. ఇద్దరం కలిసే చేశాం, పో" అన్నారు.

జులై మొదటివారంలో ఆ కేసు కాగితాల కోసం ఇండియా వెళ్ళారు. వెళ్ళి మూడు వారాలు కోర్టు వరండాలోనూ పోలీస్ స్టేషన్ బెంచీ మీదా గడిపారు. పాత రికార్డులు ఎప్పుడో ఉప్పెనలో తడిసి పోయాయని తేలింది. ఆ మాటే కాగితం మీద రాయించుకుని, స్టాంపు వేయించుకుని తెచ్చుకోవడానికి అన్ని రోజులు పట్టింది. ఈలోపు అక్కయ్య ఇంకా నీరసించింది. పొద్దున వెళ్ళి సాయంత్రం వచ్చే తమ్ముడికోసం గుమ్మం వైపు చూస్తూ పడుకునేదట. ఇక్కడ మేము ఇంటర్వ్యూ తేదీ ఒకసారి మార్పించాం. సెప్టెంబర్‌లో ఇంకో తేదీ ఇచ్చారు. ఆ ముందు వారం నేను పొద్దున్నే ఫోన్ చేశాను, అక్కడ సాయంత్రం.

"టికెట్ బుక్ చేస్తున్నాను మాస్టారూ. కాగితం చేతిలో ఉందిగా. రండి, ఒక్క రోజు పని. మళ్ళీ వెంటనే వెళ్ళిపోదురు గానీ."

"అక్కయ్య నా చెయ్యి పట్టుకుని ఉందమ్మాయ్."

"తెలుసు మాస్టారూ, కానీ ఈ తేదీ పోతే అప్లికేషన్ కొట్టేస్తారు."

"ఈ చెయ్యి విడిపించుకుని వచ్చి, అక్కడ ప్రమాణానికి ఎత్తమంటావా?"

ఫోన్ పెట్టేశాక లాప్‌టాప్‌లో తెరిచి ఉన్న టికెట్ పేజీ మూసేశాను. ఆ రోజు ఆఫీసుకి వెళ్ళలేదు. వంటింట్లో తోమిన గిన్నెలే మళ్ళీ తోమాను.

అప్లికేషన్ కొట్టేశారు. అక్టోబర్‌లో అక్కయ్య పోయింది. నవంబర్‌లో, ఆరు నెలలు దాటకముందే, మాస్టారు తిరిగొచ్చారు. ఎయిర్‌పోర్టుకి నేనూ వెళ్ళాను. మనిషి సగమయ్యారు. మళ్ళీ అప్లై చేద్దాం మాస్టారూ, ఈసారి అన్నీ సరిగ్గా రాస్తాను అని ఆ చలికాలమంతా వెంటపడ్డాను. "ఇప్పుడెందుకమ్మాయ్. పిలిచేవాళ్ళు లేరు, పరిగెత్తాల్సిన పనీ లేదు" అన్నారు.

ఒకరోజు ఉండబట్టలేక అడిగేశాను. "నేను ఆ రోజు అడిగి ఉంటే, కాగితాలు ముందే తెప్పించుకునేవాళ్ళం. ఆ మూడు వారాలు ఆవిడ దగ్గర ఉండేవారు మీరు. అవి నావల్లే పోయాయి కదా?"

ఎవరైనా ఏం చేస్తారు? అదేం లేదు తల్లీ, అంతా దైవనిర్ణయం అంటారు. నేనూ ఆ మాటే వినాలని అడిగాను. ఆయన నడక ఆపి నా ఎదురుగా నిలబడ్డారు. "అవును, పోయాయి. పోలేదని నీకు అబద్ధం చెప్పలేను. కానీ ఆ బాధ నాది. నువ్వు దాన్ని మోసుకు తిరగొద్దు" అన్నారు. అప్పటికి కోపమొచ్చింది, కాస్త అబద్ధం చెబితే ఆయన సొమ్మేం పోయిందని. ఇప్పుడు ఆలోచిస్తే, నన్ను పిల్లలా బుజ్జగించకుండా పెద్దదాన్నిగా చూసింది ఆయనొక్కరే.

మరుసటి జూన్‌లో మళ్ళీ క్లాసు పెట్టారు. సిటిజన్ కాకుండానే సిటిజన్‌షిప్ చెప్పే మాస్టారు అని కొందరు వెనకాల నవ్వారు. ఆయన ముందే నవ్వేశారు. మొదటిరోజు బోర్డు మీద రాసింది, "ఉన్నది ఉన్నట్టు చెప్పగలిగినవాడే స్వతంత్రుడు." గీత రెండుసార్లు గీశారు. నా వైపు చూడలేదు. నేను మాత్రం ఆ తర్వాత ఫారం ముట్టుకోలేదు. మూడు వేసవులు కుర్చీలు వేశాను, కాఫీ కాచాను, ఎవరి ఫారాలు వాళ్ళ పిల్లలే నింపుకున్నారు. ఏటా ఆయన లాప్‌టాప్ నా ముందు పెట్టేవారు, ఏటా నేను దాన్ని పక్కకి జరిపేదాన్ని.

రాష్ట్రం రెండైన వారం క్లాసుకి జనం మొహాలు మాడ్చుకుని వచ్చారు. అటువాళ్ళు అటు, ఇటువాళ్ళు ఇటు కూర్చున్నారు. ఒకాయన, "మాస్టారూ, పుట్టిన రాష్ట్రం ఏదని రాయాలిప్పుడు?" అని ఎత్తిపొడుపుగా అడిగాడు. మాస్టారు ఫారం తీసి చూపించారు. "ఇందులో పుట్టిన దేశమే అడిగారు నాయనా. మిగతాది కాఫీ తాగుతూ తేల్చుకోండి" అన్నారు. తేలలేదు గానీ, కాఫీకి మాత్రం అందరూ ఒకే టేబుల్ చుట్టూ చేరారు. ఆ రోజు రెండుసార్లు డికాక్షన్ దించాల్సొచ్చింది.

ఈ మార్చి చివర్లో ఆయన్ని చివరిసారి చూడ్డానికి వెళ్ళాను. డాక్టర్లు నడవొద్దన్నారని సోఫాలో కూర్చోబెట్టారు గానీ, పాదాలు మాత్రం కార్పెట్ మీద ఆడుతూనే ఉన్నాయి. ఒళ్ళో కొత్త బ్యాచ్ పేర్ల కాగితం ఉంది. "జూన్‌లో నువ్వు మొదలుపెట్టు" అన్నారు.

"నాకు సూక్తులు రావు మాస్టారూ."

"సూక్తులు నేను కాళ్ళు ఊరుకోక రాశాను. అవి లేకపోయినా క్లాసు నడుస్తుంది. ఫారాలు నువ్వే నింపు. ఈసారి అడుగు."

"ఏమో మాస్టారూ. పెద్దవాళ్ళని అలాంటివి అడగాలంటే..."

"అడిగితే మర్యాద పోతుందనుకున్నావు. అడక్కపోతే మనిషే పోయాడుగా" అన్నారు. ఆ మాట కటువుగానే అన్నారు. తర్వాత నా చేతి మీద తట్టి, టీ పెట్టించుకుని తాగిపొమ్మన్నారు. మూడు వారాలకి ఆ ఫోన్ వచ్చింది.

ఆయన్ని భార్య పక్కనే సమాధి చేశారు. ఆయన దగ్గర చదువుకుని వెళ్ళి ప్రమాణం చేసినవాళ్ళతో చర్చిలో ముందు వరసలన్నీ నిండిపోయాయి. ఆయన మాత్రం చివరిదాకా ఇండియా పాస్‌పోర్టుతోనే ఉన్నారు. అందులో నా చెయ్యి కూడా ఉందని పైకి చెప్పలేక దిగిపోయానని మొదట్లోనే రాశాను.

మొన్న జూన్ మొదటి శనివారం క్లాసు మొదలుపెట్టాను. బోర్డు మీద ఏమీ రాయలేదు. ఒక ఆవిడ భర్తతో వచ్చి ఎదురుగా కూర్చుంది. చర్చిలో ఎప్పుడూ వెనక వరసలో కూర్చుని, ఎవరైనా పలకరిస్తే గానీ మాట్లాడని మనిషి. తేదీలన్నీ ఆయనే గడగడా చెప్పాడు, ఆవిడ ఊఁ కొడుతూ ఉంది. టిక్కుల పేజీ వచ్చింది. ఫారంలో ఉన్నవన్నీ అడగాలమ్మా, ఏమీ అనుకోకండి అని చెప్పి ఒక్కొక్కటే తెలుగులో చదివాను. తాగుబోతు దగ్గర ఆవిడ నోటికి చెంగు అడ్డం పెట్టుకుని నవ్వింది. జూదం దగ్గర ఆయన కూడా నవ్వాడు. నాకూ కొంచెం ధైర్యం వచ్చింది.

"ఎప్పుడైనా అరెస్టయ్యారామ్మా?"

"భలేదానివే! ఈవిడా? నో అని కొట్టెయ్యమ్మా" అన్నాడు ఆయన.

ఆవిడ నవ్వడం లేదు. చెంగు ఒళ్ళోకి జారింది. నేను ఆయన మాటకి తలూపలేదు, ఆవిడ వైపే చూస్తూ మళ్ళీ అడిగాను. ఆవిడ ఫారం వంక చూసి, తర్వాత ఆయన వైపు తిరిగి, "ఏవండీ, మీరెళ్ళి కాస్త కాఫీ తెచ్చుకోండి" అంది. ఆయన నన్నూ ఆవిణ్ణీ మార్చి మార్చి చూసి, లేచి మెల్లగా బయటికి నడిచాడు. తలుపు మూసుకునేదాకా ఆగి, ఆవిడ కుర్చీ నా దగ్గరికి లాక్కుంది.

"ఇన్నేళ్ళల్లో ఈ మాట నన్నెవరూ అడగలేదమ్మా" అంది.

నేను కీబోర్డు మీంచి చేతులు తీసేశాను.